కళ్లద్దాల పీతకు తగిలిన ఎండ

మీ తరానికి ఆట పోవడమంటే ఏమిటో తెలియదు. ఫోన్ పోతే కొత్త ఫోన్ కొంటారు, అందులో వేలితో ఒక్కసారి నొక్కితే పాత ఆట మళ్లీ దిగుతుంది. మీరు పుట్టక ముందు పిల్లలు టీవీకి తగిలించుకుని ఆడిన కేసెట్ ఆటలు కూడా ఎవరో ఎక్కడో దాచిపెట్టిన ఆర్కైవ్‌లోంచి క్షణంలో వచ్చేస్తాయి. ఆడుకోండి, సంతోషం. కానీ అలా దాచిపెట్టినవాళ్లలో నేనూ ఒకదాన్నని మీకు తెలియదుగా! ఒక ఆటను నా చేతులతోనే చంపబోయి, అవే చేతులతో వెనక్కి లాక్కొచ్చాను. ఈవిడేమిటి గొప్పలు చెప్పుకుంటోంది అనుకుంటారేమో, అనుకోండి. ముప్ఫై ఏళ్లు ల్యాబ్ టెక్నీషియన్‌గా చేసినదానికి గొప్ప చెప్పుకునే సందర్భాలు ఎన్ని వస్తాయి? వచ్చిన ఒక్కదాన్నీ నేను వదులుకోను.

తాడేపల్లిగూడెం దగ్గర ఒక పాలిటెక్నిక్ కాలేజీలో ఎలక్ట్రానిక్స్ ల్యాబ్ నాది. నాది అంటే కాలేజీదే, కానీ బీరువా తాళాలు నా దగ్గరుండేవి కనుక నాదే. ఏలూరులో పొద్దున్నే ప్యాసింజర్ ఎక్కి గూడెంలో దిగేదాన్ని. నా ల్యాబ్‌లో గుండుసూదంత రెసిస్టర్ కావాలన్నా రిజిస్టర్లో సంతకం పెట్టాల్సిందే. ఒకసారి సాక్షాత్తూ ప్రిన్సిపాల్ గారే వచ్చి ఇంట్లో రేడియోకి ఒక ట్రాన్సిస్టర్ ఉంటే ఇమ్మన్నారు. "తప్పకుండానండీ, ఇక్కడ సంతకం పెట్టండి" అన్నాను. పెట్టారు పాపం. నెల తిరిగాక "వాపసు ఎప్పుడండీ?" అని కూడా అడిగాను. ఇక నా గురించి వెనకాల ఏమనుకునేవారో మీరే ఊహించుకోండి.

ఆ ల్యాబ్‌లోనే ఒక మాస్టారు ఉండేవారు. ఇన్‌స్ట్రక్టర్. ఊరు పెంటపాడు వైపు, కాస్త పొలం ఉంది, కానీ మనిషికి మడి కన్నా సోల్డరింగ్ ఐరన్ అంటేనే ఇష్టం. ఆయనకు ఒక్కతే కూతురు. పుట్టుకతోనే ఆ పిల్లకు వినపడదు. ఏలూరులో వినపడని పిల్లల బడిలో వేశారు. టీవీ గేమ్‌లు గంటల లెక్కన అద్దెకు తెచ్చుకునే రోజులవి. సెలవులకు ఇంటికొచ్చిన కూతురు అలాంటి ఆటొకటి ఆడుతుంటే మాస్టారు పక్కన కూర్చుని చూశారట. సోమవారం ల్యాబ్‌కు రాగానే నా దగ్గరకొచ్చారు.

"ఏవండీ, ఈ ఆటకి చెవులతో పనే లేదండీ. కళ్లూ వేళ్లూ ఉంటే చాలు. ఇందులో అక్షరాలు పెడితే ఎలా ఉంటదంటారు?"

"ముందు ఈ నెల ప్రాక్టికల్ రికార్డులు దిద్దితే బాగుంటదండీ" అన్నాను.

దిద్దలేదు. బజారులో దొరికే ఒక మామూలు కేసెట్ కొనుక్కొచ్చి విప్పారు. పైనుంచి పడే పండ్లను బుట్టతో పట్టుకునే ఆట అది. ఏవేం పట్టుకోవాలో పైన వరసగా చూపిస్తుంది, అదే వరసలో పట్టాలి. లోపల రెండు చిప్‌లుంటాయి. ఆట ఎలా నడవాలో ఒకదాంట్లో ఉంటుంది, బొమ్మలు రెండోదాంట్లో. మాస్టారు మొదటిదాని జోలికి పోలేదు. రెండోది ఊడదీసి, దాని చోట తన బొమ్మల చిప్ పెట్టారు. బుట్టకు బదులు కొల్లేట్లో తిరిగే తాటిదోనె వచ్చింది. చెట్టుకు బదులు గూడకొంగ, దాని సంచి ముక్కులోంచి పండ్లకు బదులు అక్షరాలు. పండ్ల వరసలన్నీ కాగితం మీద రాసుకుని, ఏ పండు స్థానంలో ఏ అక్షరం పెడితే అది "పడవ" అవుతుందో, ఏది పెడితే "వల" అవుతుందో నెలల తరబడి కుస్తీ పట్టారు. ఒక్కో బొమ్మా గ్రాఫ్ కాగితం మీద గడి గడికీ పెన్సిల్‌తో నింపి గీశారు. కింద నీళ్లలోంచి వచ్చి అక్షరాన్ని లాక్కుపోయే దొంగ ఒకటుంది. దాన్ని పీత చేశారు. ఆ పీత సంగతి తరవాత చెబుతాను.

ఇక్కడ మీకు చిప్ గురించి ఒక్క ముక్క చెప్పాలి, లేకపోతే నేను చేసిన ఘనకార్యం అర్థం కాదు. ఆ రకం చిప్‌కు నడినెత్తిన చిన్న గాజు కిటికీ ఉంటుంది. ఒకసారి రాసినది చెరిపి మళ్లీ రాయాలంటే ఆ కిటికీలోంచి ఒక ప్రత్యేకమైన దీపం వెలుగు పడాలి. మా ల్యాబ్‌లో ఆ దీపం పాడై, కొత్తదానికి ఇండెంట్ పెట్టి రెండేళ్లయినా రాలేదు. మాస్టారికేమో బొమ్మ ఒక చుక్క పక్కకు జరిగినా నచ్చదు, మళ్లీ చెరపాలి. ఆయనకో ఉపాయం తట్టింది. ఎండలో కూడా ఆ వెలుగు కాస్త ఉంటుంది కదా! ఒక స్టీలు పళ్లెంలో చిప్‌లు పేర్చి ల్యాబ్ మేడ మీద పెట్టేవారు. మధ్యాహ్నం అన్నం తిన్నాక మేడెక్కి ఆ పళ్లెం ఎండ వైపు తిప్పి రావడం నా పని. పక్కనే అటెండరు వాళ్లావిడ ఎండబెట్టిన వడియాలు ఉండేవి. "ఆయ్, ఇవి కూడా వేయించుకు తింటారేటండీ?" అని అటెండరు నవ్వేవాడు. మండువేసవిలో ఎనిమిది రోజులు పెడితే చిప్ శుభ్రంగా చెరిగేది. అందుకే రాసిన చిప్ కిటికీ మీద నల్ల టేపు ముక్క అంటించాలి, వెలుగు తగలనివ్వకూడదు. ఏటా కొత్త బ్యాచ్‌కి మొదటి రోజు నేను చెప్పే మొదటి పాఠం ఇదే.

కేసెట్ తయారై ఏలూరు బడికి వెళ్లింది. ఎన్నో బ్యాచ్‌ల పిల్లలు దాంతోనే అక్షరాలు నేర్చుకున్నారు. కొన్నేళ్లకు మాస్టారు గుండెపోటుతో పోయారు. కూతురు పెద్దదై అదే బడిలో చిన్నపిల్లలకు పాఠం చెప్పే పనిలో చేరింది. రెండువేల సంవత్సరం దాటాక కూడా, బజారులో కంప్యూటర్ ఆటలు వచ్చేశాక కూడా, ఆ బడిలో నాన్న కేసెట్టే ఆడేది.

ఒక వానాకాలం తమ్మిలేరు పొంగింది. బడిలోకి మోకాలి లోతు నీళ్లు వచ్చాయి. నీళ్లు తీసిన రెండో రోజు ఆ అమ్మాయి బస్సెక్కి గూడెం వచ్చింది. ప్లాస్టిక్ సంచిలోంచి ఒక బురద ముద్ద తీసి నా బల్ల మీద పెట్టింది. కేసెట్. సంచిలో ఇంకో ముద్ద కూడా ఉంది, అది మాస్టారి గ్రాఫ్ కాగితాల కట్ట. విడదీయబోతే గుజ్జయి చేతికి అంటుకుంది. మా ఇద్దరి మధ్యా మాటలెప్పుడూ చీటీల మీదే. చీటీ రాసిచ్చింది: "ఆంటీ, ఇది ఒక్కటే ఉంది. ఇంకోటి లేదు. ఈ ఏడు కొత్తగా తొమ్మిదిమంది చిన్నపిల్లలు చేరారు. బాగవుతుందా?"

నేను కింద రాశాను: "నా చేతికొచ్చిందిగా. బాగవుతుంది."

ఎంత ధీమానో చూశారా! వెళ్తూ వెళ్తూ గుమ్మం దగ్గర ఆగి రెండు చేతుల వేళ్లూ పీత డెక్కల్లా తెరిచి మూసింది. చేతుల భాషలో నాకు ఆ పిల్ల చిన్నప్పుడే పెట్టిన పేరది. పట్టుకున్నది వదలనని అలా పెట్టిందని మాస్టారు చెప్పినప్పుడు నాకు ఒళ్లు మండింది. ఆ రోజు మాత్రం ముద్దుగా అనిపించింది.

కేసెట్ విప్పాను. కంప్యూటర్ పార్టు కదా నీళ్లేమిటి అని మీరనుకోవచ్చు. బురద పట్టిన బోర్డును ముందు మంచినీళ్లతోనే కడగాలి, తరవాత స్పిరిట్‌తో. మెత్తటి బ్రష్షుతో కాలు కాలూ కడిగాను. బొమ్మల చిప్ మీద బురద పీల్చి ఉబ్బిన నల్ల ముక్కేదో అసహ్యంగా అంటుకుని ఉంటే గోటితో గీకి పారేశాను. ఆ వారం మా ఏలూరులో, చుట్టుపక్కల ఊళ్లలో ఎండ కాసిందంటే చాలు, పరుపులు, బైబిళ్లు, సర్టిఫికెట్లు, రేషన్ కార్డులు, ధాన్యం, అన్నీ మేడల మీదే. మా ఇంట్లో పెళ్లి ఫొటోలు కూడా దండెం మీదే ఉన్నాయి. తడిసినదాన్ని ఎండలో వేయాలన్నది చేతులకు వాటంతటవే తెలుసు, బుర్రను అడగవు. బీరువా కింది అరలో పాత స్టీలు పళ్లెం కనిపించింది. బోర్డు అందులో పెట్టి మేడ మీదికి తీసుకెళ్లాను. మధ్యాహ్నం అన్నం తిన్నాక వెళ్లి ఎండ వైపు తిప్పాను కూడా!

అయిదో రోజు పొద్దున తణుకు నుంచి వచ్చే మా లెక్చరరు మేడ మీద నిలబడి ఎవరితోనో ఫోన్లో మాట్లాడి, కిందికొస్తూ మామూలుగా అడిగాడు.

"ఏంటి మేడం, మళ్లీ ఏదో చెరిపేస్తున్నారా?"

 ఓరి దేవుడా! నేను గీకి పారేసింది నల్ల టేపు. అది ఆ పళ్లెమే. ఏటా అరవైమంది పిల్లలకు చెప్పే పాఠం నాకు గుర్తు రాలేదు. మేడ మెట్లు ఎలా ఎక్కానో తెలియదు. పళ్లెం ఒళ్లో పెట్టుకుని అక్కడే కూర్చుండిపోయాను.

ఈ లెక్చరరుకు ఒక పిచ్చి ఉండేది. గూడెంలో అద్దెకిచ్చే షాపులు మూసేస్తుంటే పాత కేసెట్లన్నీ పోగుచేసి, వాటి లోపలిదంతా కంప్యూటర్‌లోకి చదివించి, ఇంటర్నెట్ సెంటర్‌కు వెళ్లి ఒక ఆర్కైవ్‌కు పంపేవాడు. ప్రపంచం నలుమూలలా ఇలాంటి పిచ్చివాళ్లు ఉన్నారట. కేసెట్లు చచ్చిపోయినా ఆటలు బతకాలని వాళ్ల పట్టుదల. వాళ్లకో నియమం ఉంది. చిప్‌లో ఉన్నది ఉన్నట్టు చదవాలి, రెండుసార్లు చదివితే రెండూ అచ్చం ఒకేలా రావాలి, ఫారంలో చిప్ పరిస్థితి రాయాలి. సంతకాలు లేవన్న మాటే గానీ నా రిజిస్టర్‌కు ఏమీ తీసిపోదు. మాస్టారి కేసెట్‌లో మొదటి చిప్ మామూలుదే కనుక ఆర్కైవ్‌లో అప్పటికే ఉంది. లేనిదల్లా మాస్టారి బొమ్మలే.

బొమ్మల చిప్‌ను బోర్డు మీంచి ఊడదీశాను. తుప్పు పట్టిన ఒక కాలు చేతిలోకే వచ్చింది. దాని మొదలు దగ్గర సన్నటి రాగితీగ అతికించి కాలు చేశాను. ఆ పని ఆ చుట్టుపక్కల నాకు తప్ప ఎవరికీ చేత కాదు, చెప్పుకోవాలి కదా! చిప్ చదివే యంత్రంలో పెట్టాం. లెక్చరరు ఆ బొమ్మలను, ఆర్కైవ్‌లోని మొదటి చిప్‌ను కలిపి కంప్యూటర్‌లోనే ఆట ఆడించాడు. గూడకొంగకు ముక్కు లేదు. దోనెకు చిల్లులు. అక్షరాలు చెదలు తిన్న పుస్తకంలోవిలా ఉన్నాయి. పీత అసలు ఒక మచ్చ. మళ్లీ చదివితే మచ్చలు ఇంకోలా వచ్చాయి.

"పోన్లెండి మేడం," అన్నాడు లెక్చరరు మెల్లగా. "వరద వల్ల పోయిందని చెప్పేద్దాం. నిజంగా వరదలో తడిసిందేగా. ఎవరికి తెలుస్తుందండీ?"

మనిషి మంచివాడు, నన్ను కాపాడదామనే అన్నాడు. నేను ఔననలేదు, కాదనలేదు. ఊరుకున్నాను. ఊరుకోవడం అంటే ఔననడమే. ఆ అమ్మాయి ఏలూరు బస్సు డ్రైవరు చేత చీటీ పంపితే "పని జరుగుతోంది" అని జవాబు రాశాను. ఇప్పటికీ ఆ చీటీ తలచుకుంటే సిగ్గేస్తుంది. ఆదివారం చర్చిలో అందరితో కలిసి పాట పాడుతున్నాను గానీ మనసంతా ఆ చీటీ మీదే ఉంది. ట్రాన్సిస్టర్ వాపసు ఇమ్మని ప్రిన్సిపాల్‌ను నిలదీసినదాన్ని, ఒక పిల్లకు తండ్రి గీసిన బొమ్మలన్నీ బాకీ పడ్డాను.

సోమవారం ల్యాబ్‌లో ప్రాక్టికల్స్ జరుగుతున్నాయి. కరెంటు బాగా తగ్గి ట్యూబ్‌లైట్లు కొట్టుకుంటున్నాయి. మామూలుగా మొరాయించే ఏడో నంబరు కిట్ ఆ పూట చక్కగా పనిచేస్తోంది. అది దాని పాత అలవాటే. కరెంటు నిండుగా ఉంటే తప్పులు, తగ్గితే ఒప్పులు. దాన్ని అందరూ పిచ్చి కిట్ అనేవారు. నేనూ అనేదాన్ని. ఆ రోజు మాత్రం దాని ముందు నిలబడిపోయాను. అందులో ఉన్నదీ ఈ రకం పాత చిప్పే. దాని కిటికీ మీద టేపు ఎప్పుడో ఊడిపోయింది. అంటే అదీ సగం చెరిగిన చిప్పే కదా!

లెక్చరరును పట్టుకొచ్చాను. "వోల్టేజీ తగ్గించి చదువుదామండీ."

"తగ్గిస్తే చిప్పే పనిచేయదు కదా మేడం. పుస్తకంలో అయిదు వోల్టులని ఉంది."

"పుస్తకం నిండు చిప్ గురించి రాసిందండీ. ఇది నీరసపడ్డ చిప్. గట్టిగా కసిరితే నీరసపడ్డ మనిషి తడబడి ఏదో ఒకటి చెబుతాడు. నెమ్మదిగా అడిగితే ఉన్నది చెబుతాడు."

నా సైన్సు విని ఆయన నవ్వాడు. నవ్వాక ఆగి ఆలోచించాడు. బోర్డు మీద సుద్దముక్కతో ఏదో గీసుకున్నాడు. సగం చెరిగిన చోట రాత కొద్దిగా మిగిలే ఉంటుంది, వోల్టేజీ ఎక్కువైతే అది ఖాళీలా కనబడుతుంది, తక్కువైతే రాతలాగే కనబడుతుంది. "అబ్బో, నిజమేనండోయ్!" అన్నాడు. ఆ "అబ్బో" నాకు ప్రమోషన్ కన్నా ఎక్కువ. ప్రమోషన్ ఎలాగూ రాలేదనుకోండి.

చదివే యంత్రం తన అయిదు వోల్టులే ఇస్తుంది. దాన్ని విప్పి, ఆ ఒక్క తీగ కోసి, మా బల్ల మీది పవర్ సప్లై నుంచి తీగ లాగాను. ఇప్పుడు వోల్టేజీ నా చేతిలోని మీటకు వచ్చింది. మధ్యలో డిపార్టుమెంటు హెడ్ గారు తొంగి చూశారు. "కాలేజీ ల్యాబులో వీడియో గేమేంటండీ?" అన్నారు. "మాస్టారి పాఠం అండీ. రిజిస్టర్లో రాసి సంతకం పెట్టాను, చూసుకోండి" అన్నాను. రిజిస్టర్ మాటెత్తితే ఎవరూ ఆగరు, ఆయనా వెళ్లిపోయారు.

ఒక చిక్కు మిగిలింది. చదివినవాటిలో ఏది సరైనదో చెప్పాలంటే అసలు బొమ్మలు తెలిసిన కళ్లు కావాలి. నేనెప్పుడూ ఆ ఆట ఆడలేదు. తొలినాళ్లలో మాస్టారు రమ్మంటే "నాకు బోలెడు పనుంది" అన్నదాన్ని. ఆ కళ్లు ఒక్క ఆ అమ్మాయికే ఉన్నాయి. ఆమెను పిలవాలి. పిలిస్తే చెప్పాలి.

శనివారం మధ్యాహ్నం వచ్చింది. చిప్ చూసింది, కోసిన తీగలు చూసింది, నా మొహం చూసింది. నేను చీటీ రాసి చేతిలో పెట్టాను. "అమ్మా, వరద దీన్ని పాడుచేయలేదు. నేను చేశాను. టేపు గీకేసి ఎండలో పెట్టాను. మీ నాన్నగారి పళ్లెంలోనే పెట్టాను. నన్ను క్షమించు."

చదివింది. రెండోసారి చదివింది. కళ్లు నిండాయి. ఏమీ రాయకుండా లేచి బయటికి వెళ్లిపోయింది. మేడ మెట్లెక్కుతున్న చెప్పుల చప్పుడు మాకు వినపడుతోంది. లెక్చరరు గోడ వైపు తిరిగి నిలబడ్డాడు. నేను మీట పట్టుకుని అలాగే కూర్చున్నాను. మా మేడ మీదికి చిన్నప్పుడు సెలవుల్లో వాళ్ల నాన్నతో కలిసి ఎక్కేది ఆ పిల్ల. పళ్లెంలో చిప్‌లు లెక్కపెట్టేది.

కాసేపటికి తిరిగొచ్చింది. చీటీ వెనక్కి తిప్పి రాసింది: "నాన్న ఎనిమిది రోజులు పెట్టేవారు. మీరు ఎన్ని రోజులు?"

నాలుగు వేళ్లు చూపించాను.

కుర్చీ లాక్కుని నా పక్కన కూర్చుంది. కంప్యూటర్ తెర వైపు వేలు చూపించి, కానివ్వండి అన్నట్టు తలూపింది.

అయిదు వోల్టుల నుంచి మొదలుపెట్టాను. నాలుగున్నరకు దోనె చిల్లులు పూడాయి. ఆమె తలూపింది. ఇంకాస్త దించాను. గూడకొంగకు ముక్కు వచ్చింది, దాని కింద సంచి కూడా వచ్చింది. అక్షరాలు ఒక్కొక్కటే తెర మీద పెట్టాడు లెక్చరరు. "ప" చూసి తలూపింది. "డ" చూసి కాదంది, దాని తలకట్టు సగమే ఉందట. ఇంకా దించాను. వచ్చింది. నాలుగు వోల్టుల దగ్గరికి వచ్చేసరికి నా వేళ్లకు చెమటలు పట్టి మీట జారుతోంది. ఇంకొంచెం దించితే మొత్తం తెర గజిబిజైపోయింది, చిప్ నోరు మూసేసింది. అమ్మ బాబోయ్, పోయిందే అనుకున్నాను. వెంట్రుకవాసి పైకి తిప్పాను. మళ్లీ చదివింది. ఇంకోసారి చదివించాం. రెండూ పక్కపక్కన పెట్టి కంప్యూటర్‌ను పోల్చమన్నాడు లెక్చరరు. ఒక్క తేడా లేదు.

అప్పుడు తెర మీద ఆట నడిచింది. దోనె కదిలింది. గూడకొంగ "వ" వదిలింది. నీళ్లలోంచి పీత పైకొచ్చింది. నేను మొదటిసారి చూడడం దాన్ని. దానికి కళ్లద్దాలున్నాయి. గుండ్రటి కళ్లద్దాలు, నావే. ఒక డెక్కలో బారుగా ఏదో పట్టుకుని ఉంది. ఏమిటా అని ముందుకు వంగి చూస్తే, రిజిస్టర్!

ఆ అమ్మాయి పగలబడి నవ్వింది. వాళ్ల నాన్న నవ్వు. తెర మీది పీతను చూపించి, నన్ను చూపించి, రెండు చేతులతో డెక్కలు ఆడించింది. లెక్చరరు నోటికి చెయ్యి అడ్డం పెట్టుకున్నాడు గానీ భుజాలు కదులుతూనే ఉన్నాయి. పదేళ్లకు పైగా ఏలూరులో వినపడని పిల్లలందరూ నా దగ్గరనుంచే అక్షరాలు లాక్కుంటున్నారని నాకు ఆ శనివారం తెలిసింది. మాస్టారి మీద కోపం వచ్చింది. తిట్టడానికి మనిషి లేడే అని ఏడుపూ వచ్చింది. ఇద్దరం ఒకరి చేతులు ఒకరం పట్టుకుని నవ్వుతూ ఏడ్చాం.

నవ్వడం అయ్యాక ఆమె తెర దగ్గరికి వెళ్లి పీత ఎడమ కళ్లద్దం మీద వేలు పెట్టింది. అక్కడ మూడు చుక్కలు లేవు. అద్దం బీటలు వారినట్టుంది. వోల్టేజీ అటూ ఇటూ ఎంత తిప్పినా ఆ మూడూ రాలేదు. నాలుగు రోజుల ఎండ అంతమేరకు పూర్తిగా తినేసింది.

"మూడు చుక్కలే కదండీ, మౌస్‌తో పెట్టేస్తాను. ఎవరికీ తెలియదు" అన్నాడు లెక్చరరు.

"ఆర్కైవ్‌కు చదివింది చదివినట్టే వెళ్లాలని మీరేగా చెప్పారు" అన్నాను. "కావాలంటే బడికి ఇచ్చేదాంట్లో పెట్టండి."

ఆ అమ్మాయి మా పెదాలనే చూస్తోంది. కాగితం లాక్కుని రాసింది: "బడికి కూడా వద్దు. పిల్లలు అడిగితే ఆంటీ కథ చెబుతాను."

సోమవారం లెక్చరరు ఆర్కైవ్ ఫారం నింపడానికి ఇంటర్నెట్ సెంటర్‌కు వెళ్తుంటే నేనూ వెంట వెళ్లాను. చిప్ పరిస్థితి, పాడవడానికి కారణం అన్న గడి దగ్గర ఆయన వేళ్లు ఆగాయి. నేను చెప్పాను, ఆయన ఇంగ్లీషులో కొట్టాడు. ఏం కొట్టాడో తెలుగులో చదివి వినిపించమన్నాను. "వరదలో తడిసింది. తరవాత ల్యాబ్ టెక్నీషియన్ కిటికీ మీది టేపు తీసేసి నాలుగు రోజులు ఎండలో పెట్టింది. తక్కువ వోల్టేజీలో చదివి రాబట్టింది కూడా ఆమే." మొదటి రెండు వాక్యాలూ నేను చెప్పినవే. మూడోది ఆయన తన సొంతానికి కలిపాడు. తీసేయమనలేదు నేను.

"సంతకం ఎక్కడ పెట్టాలండీ?" అన్నాను.

"సంతకం ఉండదు మేడం, ఇంటర్నెట్ కదా."

అలా ఊరుకుంటే నేను పీతనెలా అవుతాను? ల్యాబ్‌కొచ్చి నా రిజిస్టర్ తీశాను. "బొమ్మల చిప్ ఒకటి, ఆటతో సహా, వాపసు ఇవ్వడమైనది" అని రాసి నేను సంతకం పెట్టాను. ఆ అమ్మాయి చేత పక్కన పెట్టించాను.

కాలేజీ తీసేసిన ఒక పాత కంప్యూటర్ బడికి ఇచ్చారు. అది బిగించడానికి లెక్చరరూ నేనూ ఏలూరు వెళ్లాం. తొమ్మిదిమంది చిన్నపిల్లలు, అందరూ కలిపి నా బల్లంత ఎత్తు లేరు. ఆట మొదలైంది. చప్పుడు లేదు, ఆ గదిలో ఎప్పుడూ ఉండదు. దోనె "ప" పట్టింది, "డ" పట్టింది. "వ" పడేలోపు పీత పైకొచ్చి లాక్కుపోయింది. పిల్లలందరూ ఒక్కసారి కాళ్లు నేలకేసి తన్నారు.

అంతలో ఒక చిట్టిపిల్ల వెనక్కి తిరిగి నన్ను చూసింది. నా కళ్లద్దాలు చూసింది. తెర మీద పీతను చూసింది. మళ్లీ నన్ను చూసింది. రెండు చేతులతో డెక్కలు ఆడించి, ఒక అరచేత్తో ఎడమ కన్ను మూసుకుంది. పక్కవాడు అదే చేశాడు. తరవాత తొమ్మిదిమందీ చేశారు. ఆ రోజు నుంచి ఆ బడిలో నా పేరు అదే. డెక్కలు, తరవాత మూసిన ఎడమ కన్ను.

ఇప్పటికీ ఏలూరు బజారులో ఆ బడిలో చదువుకుని పెద్దవాడైన ఎవరో ఒకడు, పక్కన పెళ్లాం బిడ్డలతో వెళ్తూ, దూరం నుంచి నన్ను చూసి ఆగుతాడు. రెండు చేతులూ ఎత్తి డెక్కలు ఆడించి ఎడమ కన్ను మూసుకుంటాడు. కూరగాయల సంచి కింద పెట్టి, నేను కూడా నా పేరు చెప్పుకుంటాను.